పిలుపూ కోరికా: రెజీ వైట్ ఆటజీవితంలో ఒక మతతాత్విక ప్రశ్న

తాను తీసుకున్న నిర్ణయం దేవుడు చేయించిన నిర్ణయమేనని ఒక విశ్వాసి ప్రకటించినప్పుడు, ఆ మాటలో దైవసంకల్పం ఎంత, ఆ మనిషి సొంత కోరిక ఎంత అని తేల్చడానికి ఏదైనా కొలమానం ఉందా అన్న ప్రశ్న బైబిలు ప్రవక్తల కాలం నుంచీ ఉన్నదే. మఠాల్లోనూ దైవశాస్త్ర గ్రంథాల్లోనూ శతాబ్దాల పాటు నలిగిన ఈ ప్రశ్న ఇరవయ్యో శతాబ్దం చివరి పాదంలో అమెరికన్ ఫుట్‌బాల్ మైదానంలో మళ్ళీ తలెత్తింది. బంతిని ప్రధానంగా చేతులతోనే మోస్తూ, విసురుతూ, ఎదుటి జట్టును శరీరబలంతో తోసుకుంటూ ముందుకు సాగే ఈ ఆటలో వారం వారం గెలుపోటములు తేలిపోతాయి, ప్రతి ఆటగాడి పనితనమూ అంకెల్లోకి ఎక్కుతుంది, ఆ అంకెలే మరుసటి ఒప్పందంలో డాలర్లవుతాయి. ఇంత కచ్చితంగా లెక్క తేలే వృత్తిలో ఉన్న మనిషి తన అడుగులు దేవుడు వేయిస్తున్నవేనని పదేపదే అంటూ వస్తే, కొన్నేళ్ళకు ఆ మాటను పరీక్షించడానికి కావలసినంత సాక్ష్యం దానంతట అదే పోగవుతుంది. దేశమంతా వినేలా ఆ మాట అన్నవాడూ, జీవితం చివర దానిని తానే విచారణకు పెట్టినవాడూ రెజీ వైట్ (1961–2004).

టెనెసీ రాష్ట్రంలోని చట్టనూగాలో పుట్టి, బాప్టిస్టు సంఘపు వాతావరణంలో పెరిగిన వైట్ పదిహేడేళ్ళ వయసుకే సంఘ సేవకుడిగా అభిషేకం పొందాడు. పైనుంచి శాసించే బిషప్పుల వ్యవస్థ లేకుండా ఏ సంఘానికి ఆ సంఘమే స్వతంత్రంగా నడుచుకునే ప్రొటెస్టంటు శాఖ బాప్టిస్టులది. అక్కడ బోధకుడు కాబోయేవాడిని చదువు కంటే ముందు అడిగేది ‘పిలుపు’ గురించి, అంటే ఈ పనికి దేవుడు తనను ఎంచుకున్నాడన్న అంతర్గతమైన నమ్మకం గురించి. పంతొమ్మిదో శతాబ్దపు అమెరికన్ బాప్టిస్టు మిషన్ వల్ల నెల్లూరు, ఒంగోలు ప్రాంతాల్లో ఏర్పడిన తెలుగు సంఘాలకు కూడా ఈ భావన సుపరిచితమే. పిలుపు లోపలే వినిపించినా, దానిని సంఘం విని, ఆ మనిషి నడవడిని కొంతకాలం గమనించి, అవునని ఒప్పుకున్న తరువాతే అభిషేకం జరుగుతుంది కాబట్టి, సంప్రదాయం ఆ నమ్మకానికి ఒక బయటి సాక్షిని తప్పనిసరి చేసిందన్నమాట. వైట్ కథలో తరువాత ఏం జరిగిందో అర్థం కావడానికి ఈ రెండో అంశమే కీలకం, ఎందుకంటే పేరు పెరిగేకొద్దీ అతనికి వినిపించిన పిలుపుల మీద సాక్ష్యం చెప్పవలసిన సంఘం కనుమరుగై, ఆ స్థానంలోకి స్టేడియం నిండా చప్పట్లు కొట్టే జనం వచ్చారు.

టెనెసీ విశ్వవిద్యాలయం తరఫున 1980 నుంచి 1983 దాకా ఆడుతున్న రోజుల్లోనే అతనికి ‘మినిస్టర్ ఆఫ్ డిఫెన్స్’ అన్న బిరుదు స్థిరపడింది. మతబోధకుడు, రక్షణమంత్రి అన్న రెండర్థాలూ అందులో కలిసి పలుకుతాయి. మెంఫిస్ షోబోట్స్ అనే జట్టులో రెండు సీజన్లు ఆడి, 1985లో నేషనల్ ఫుట్‌బాల్ లీగ్‌లోని ఫిలడెల్ఫియా ఈగిల్స్‌లో చేరాడు. అతను ఆడిన స్థానం డిఫెన్సివ్ ఎండ్, అంటే రక్షణ వరుస అంచున నిలబడి ఎదుటి జట్టులో బంతి విసిరే క్వార్టర్‌బ్యాక్ మీదికి దూసుకుపోయే స్థానం. క్వార్టర్‌బ్యాక్ బంతి వదిలేలోపే, ఆట మొదలైన గీతకు వెనుకనే అతన్ని పడగొట్టడాన్ని ‘శాక్’ అంటారు, దానిని లీగు 1982 నుంచి అధికారికంగా లెక్కపెడుతోంది. ఈగిల్స్ తరఫున వైట్ ఆడిన ఆటలు 121 కాగా చేసిన శాక్‌లు 124, అంటే ఆటకు ఒకటికి మించిన సగటు. ఆటగాళ్ళ సమ్మె వల్ల కుదించుకుపోయిన 1987 సీజన్‌లో కేవలం 12 ఆటల్లో 21 శాక్‌లు చేశాడు.

ఆ శాక్‌ల వెనుక ఉన్న పనిని కొంచెం దగ్గరగా చూడటం అవసరం. దాదాపు 300 పౌండ్ల బరువుండే వైట్ మొదట బయటి అంచు వైపు పరుగు తీసేవాడు. అడ్డుకోవలసిన ప్రత్యర్థి అతన్ని అందుకోవడానికి తన బరువంతా బయటి కాలి మీదికి మార్చుకునేవాడు. సరిగ్గా ఆ క్షణంలో వైట్ లోపలి చేతిని అవతలివాడి చంకకింద పక్కటెముకలకు ఆనించి ఒక్క విసురుతో ఎత్తి పక్కకు తోసి, ఖాళీ అయిన లోపలి దారిలో క్వార్టర్‌బ్యాక్ మీద పడేవాడు. తనంత బరువున్న మనిషిని ఒంటిచేత్తో ఇలా నేల విడిపించగలగడం ఆ కాలపు ఆటలో మరొకరిలో కనిపించని శక్తి. పడగొట్టిన ఆటగాడికి చెయ్యందించి లేపడం, మైదానంలోనే విశ్వాసం గురించి మాట్లాడటం కూడా అతని అలవాట్లేనని తోటి ఆటగాళ్ళు చెప్పేవారు. ఆ దూకుడుకూ ఈ విశ్వాసానికీ పొంతన ఎలా కుదురుతుందన్న సందేహం బయటివారికి కలిగినంతగా అమెరికన్ ప్రొటెస్టంటులకు కలగకపోవడానికి చారిత్రక కారణం ఉంది. దేహదారుఢ్యం క్రైస్తవ శీలంలో భాగమనే భావధోరణి పంతొమ్మిదో శతాబ్దపు ఇంగ్లండులో పుట్టి అమెరికాకు చేరింది. యేల్‌లో దైవశాస్త్రం చదివిన అమోస్ అలొంజో స్టాగ్ ప్రసంగవేదిక తనకు సరిపడదని తేల్చుకుని 1892లో షికాగో విశ్వవిద్యాలయంలో ఫుట్‌బాల్ కోచ్ పనిని ఒక సేవగానే స్వీకరించాడు. 1954లో క్రైస్తవ క్రీడాకారుల సహవాసం ఏర్పడి క్రీడాకారులను సాక్షులుగా, అంటే తమ జీవితానుభవం ద్వారా విశ్వాసాన్ని ప్రకటించేవారిగా తీర్చిదిద్దడం మొదలుపెట్టింది. 1976లో ఫ్రాంక్ డెఫర్డ్ అనే పత్రికారచయిత ఈ మొత్తం ధోరణికి ‘స్పోర్షియానిటీ’ అని పేరు పెట్టి, ఇది ఆటగాళ్ళను మతప్రచారానికి వాడుకుంటుందే తప్ప ఆటలోని అధర్మాన్ని ప్రశ్నించదని విమర్శించాడు. వైట్ తన చివరి రోజుల్లో తన గురించి తాను చెప్పుకున్నదానికి ఈ విమర్శ చాలా దగ్గరగా ఉంటుంది.

పిలుపు గురించిన ప్రశ్న తీవ్రం కావడానికి మాత్రం చట్టం దోహదం చేసింది. అప్పటిదాకా ఒప్పందం ముగిసినా ఆటగాడి మీద పాత జట్టు హక్కు పోయేది కాదు. 1989లో వచ్చిన సవరణ ప్రకారం కూడా ఒక్కో జట్టు 37 మందిని తన పట్టులోనే ఉంచుకునే వీలుండేది. 1992లో మినియాపొలిస్‌లోని ఫెడరల్ కోర్టులో జ్యూరీ ఈ పద్ధతి గుత్తాధిపత్య నిరోధక చట్టానికి విరుద్ధమని తేల్చిన తరువాత, ఆటగాళ్ళందరి తరఫునా వేసిన దావాకు ప్రధాన వాదిగా పేరిచ్చినవాడు వైట్. 1993లో కుదిరిన రాజీతో ఆటగాళ్ళకు తమ జట్టును తాము ఎంచుకునే స్వేచ్ఛా, దానికి బదులుగా జట్ల జీతాల ఖర్చుకు గరిష్ఠ పరిమితీ వచ్చాయి. ఈ రాజీకి మతపరమైన పర్యవసానం కూడా ఉందన్న సంగతి అంతగా చర్చకు రాలేదు. ఎక్కడ ఆడాలో లీగే నిర్ణయించినంతకాలం ఆటగాడు దేవుడిని ‘ఎక్కడికి వెళ్ళమంటావు’ అని అడగవలసిన అవసరమే లేదు. దారులు తెరుచుకున్నప్పుడే మార్గనిర్దేశం కోసం ప్రార్థన మొదలవుతుంది, ఆ ప్రార్థనకు వచ్చిన జవాబు ఎవరిదన్న సందేహం కూడా అప్పుడే పుడుతుంది.

దేవుడు ఎక్కడికి వెళ్ళమంటే అక్కడికి వెళ్తానని, పెద్ద నగరంలోని పేదవాడల్లో సేవ చేసే వీలున్న చోటైతే మేలని వైట్ అప్పట్లో బాహాటంగానే చెప్పాడు. అతన్ని ఆహ్వానించిన జట్లు అనేకం, వాటిలో శాన్ ఫ్రాన్సిస్కో, వాషింగ్టన్, క్లీవ్‌లాండ్ వంటి నగరాలవి కూడా ఉన్నాయి. అతను చేరింది మాత్రం విస్కాన్సిన్ రాష్ట్రంలో లక్ష జనాభా కూడా లేని, నల్లజాతివారు చాలా తక్కువగా ఉండే, శీతాకాలపు చలికి పేరుమోసిన గ్రీన్ బేలోని ప్యాకర్స్ జట్టులో. ఒప్పందం నాలుగేళ్ళకు ఒక కోటి 70 లక్షల డాలర్లు, అప్పటికి రక్షణ ఆటగాళ్ళలో ఎవరికీ అంత మొత్తం దక్కలేదు. దేవుడి స్వరం, అతిపెద్ద చెక్కు ఒకే చిరునామా చూపించాయని పరిహాసాలు వెల్లువెత్తాయి. అంతకుముందే ప్యాకర్స్ కోచ్ మైక్ హోమ్‌గ్రెన్ వైట్ ఇంటి ఫోన్ యంత్రంలో, తాను దేవుడినని, గ్రీన్ బేకు వెళ్ళమని ఒక సందేశం వదిలాడు. ఇది సరదాకు చేసిన పనేనని అందరికీ తెలుసు, వైట్ కూడా నవ్వుకున్నాడు. కానీ తత్వదృష్టితో చూస్తే ఆ హాస్యంలోనే అసలు చిక్కు ఉంది: దేవుడు చెప్పే మాటా, కోచ్ చెప్పే మాటా, సొంత మనసు చెప్పే మాటా అచ్చంగా ఒకటే అయినప్పుడు, విన్నది మూడింటిలో దేనినో వినేవాడు ఎలా గుర్తుపడతాడు?

ఫలితాన్ని బట్టి గుర్తుపట్టవచ్చన్నది ఒక జవాబు. 1902లో వెలువడిన తన ప్రసిద్ధ గ్రంథంలో అమెరికన్ తత్వవేత్త విలియం జేమ్స్ మతానుభవాల విలువను అవి ఎక్కడ పుట్టాయో చూసి కాక, మనిషి జీవితంలో ఏ ఫలాలనిచ్చాయో చూసి తూచాలన్నాడు. ఆ లెక్కన గ్రీన్ బే నిర్ణయం నూటికి నూరు మార్కులు తెచ్చుకుంటుంది: వైట్‌ను చూసి మరికొందరు పేరున్న ఆటగాళ్ళు ఆ చిన్న ఊరికి రావడానికి ఇష్టపడ్డారు, 1997 జనవరి 26న న్యూ ఆర్లియన్స్‌లో జరిగిన సూపర్ బౌల్‌లో, అంటే లీగు తుదిపోరులో, ప్యాకర్స్ 35–21తో న్యూ ఇంగ్లండ్ పేట్రియట్స్‌ను ఓడించారు, ఆ ఆటలో వైట్ మూడు శాక్‌లు చేసి కొత్త రికార్డు నెలకొల్పాడు. అయితే జేమ్స్ ఉద్దేశించిన ఫలాలు ఓర్పు, కరుణ, నిబ్బరం వంటి శీలగుణాలే గాని స్కోరుబోర్డు మీది అంకెలు కావు. ఫుట్‌బాల్‌లో ఫలం అన్న మాట విజయం అన్న అర్థంలోకి జారిపోవడం ఎంత సులభమో, అంత ప్రమాదకరం కూడా. ఆ జారుడు ఒప్పుకుంటే ఓడిన పేట్రియట్స్‌లో ప్రార్థించిన విశ్వాసులను దేవుడు పట్టించుకోలేదని ఒప్పుకోవలసి వస్తుంది. ఈ అసంగతం ఆటగాళ్ళకు తెలియనిది కాదు. 1990 డిసెంబరు 3న శాన్ ఫ్రాన్సిస్కో, న్యూయార్క్ జెయింట్స్ జట్ల మధ్య ఆట ముగిశాక రెండు జట్ల ఆటగాళ్ళూ మైదానం మధ్య కలిసి మోకరించి ప్రార్థించడంతో మొదలైన ఆచారం, దేవుడు ఎవరి పక్షమూ కాడన్న ఎరుకకు దాదాపు ఒక ఉపాసనారూపం. ఆటకు ముందు విడివిడిగా చేసే ప్రార్థనల కంటే ఆట తరువాత కలిసి చేసే ఆ ప్రార్థనలోనే దైవశాస్త్రం నిక్కచ్చిగా ఉందనిపిస్తుంది.

ఫలితాన్ని కొలమానంగా పెట్టుకుంటే మరో లోపం కూడా బయటపడుతుంది: మంచి జరిగినప్పుడు దేవుడి పేరు ఎత్తి, చెడు జరిగినప్పుడు దించేసే ఎంపిక. 1995 డిసెంబరులో తొడ వెనుక కండరం చిరిగి, ఆ సీజన్‌కు ఇక ఆడడని జట్టు ప్రకటించిన కొద్దిసేపటికే, దేవుడు తనను స్వస్థపరిచాడని చెబుతూ వైట్ కోచ్ ఇంటికి వెళ్ళాడు, ఆ సీజన్‌లోనే మళ్ళీ ఆడాడు కూడా. ఆ వెంటనే 1996 జనవరిలో, నాక్స్‌విల్‌లో అతను సహాయక పాస్టరుగా ఉన్న సంఘం చర్చిని ఎవరో తగలబెట్టారు. గోడల మీద జాతిద్వేషపు రాతలు కనిపించాయి. కండరాన్ని అతికించిన దేవుడు చర్చిని ఎందుకు కాలనిచ్చాడన్న ప్రశ్నకు సమాధానం వెతుకుతూ వైట్ తూలిపోలేదు. దాన్ని మనుషుల పాపంగానే చూసి, దేశంలో నల్లజాతి చర్చిలు కాలిపోతున్నా అధికారులు చూపుతున్న ఉదాసీనత మీద గట్టిగా మాట్లాడాడు. ఇది సరైన స్పందనే. అయినా తర్కం దృష్టితో చూస్తే, నేరానికి మానవ కారణం చాలిందన్నప్పుడు, కండరం కోలుకోవడానికి ఒక క్రీడాకారుడి దేహదారుఢ్యమనే కారణం ఎందుకు చాలలేదో ఎవరూ అడగలేదు. సంఘంలోనైతే ఒక వృద్ధ విశ్వాసి అడిగి ఉండేవాడేమో. గెలుపు కావలసిన ఊరు అడగదు.

దైవవాక్కు భారాన్ని పలికినవాడు కాక ఇతరులు మోయవలసి వచ్చినప్పుడు ఈ ప్రశ్న నైతికమైనదవుతుంది. 1998 మార్చిలో విస్కాన్సిన్ శాసనసభలో వైట్ ప్రసంగిస్తూ, ఒక్కో జాతికి దేవుడు ఒక్కో ప్రత్యేక వరమిచ్చాడని, అన్నీ కలిస్తేనే దేవుడి స్వరూపం పూర్తవుతుందని చెప్పాడు. ఐక్యత కోసం అన్నానని అతను అనుకున్నా, వాడిన ఉదాహరణలు ఆయా జాతుల మీద చలామణిలో ఉన్న మూస అభిప్రాయాలే. స్వలింగ సంబంధాలను పాపమని తీవ్రంగా ఖండించిన భాగం మరింత ఆగ్రహం తెప్పించింది. సీబీఎస్ టెలివిజన్‌లో వ్యాఖ్యాతగా చేరే అవకాశం చేజారినప్పుడు, సత్యం చెప్పినందుకు చెల్లించిన మూల్యంగా అతను దానిని భావించాడు. నష్టం భరించడం చిత్తశుద్ధికి రుజువు కావచ్చు గాని, పలికిన మాట దేవుడిదనడానికి రుజువు కాదు. పొరపాటు పడ్డవాడు కూడా ఎంతో చిత్తశుద్ధితో నష్టపోగలడు. జాతుల గురించి అతనన్న మాటల్లో లేఖనం పాలు తక్కువ, టెనెసీలోనూ లాకర్ రూముల్లోనూ వినవచ్చిన లోకాభిప్రాయం పాలు ఎక్కువ.

2000లో కరోలైనా పాంథర్స్ తరఫున చివరి సీజన్ ఆడి, అప్పటికి రికార్డైన 198 శాక్‌లతో విరమించుకున్న తరువాత వైట్ బోధనకు దూరంగా జరిగి, రోజుకు గంటల తరబడి హీబ్రూ భాష నేర్చుకోవడానికి కూర్చున్నాడు. పాత నిబంధనను అనువాదాల మీద ఆధారపడకుండా మూలంలోనే చదవాలన్నది లక్ష్యం. చనిపోవడానికి కొంతకాలం ముందు ఇచ్చిన ఒక టెలివిజన్ ఇంటర్వ్యూలో, తన జీవితంలో దేవుడు చెప్పాడని తాను ప్రకటించిన చాలా విషయాలు దేవుడు చెప్పినవి కావని, అవి రెజీ కోరుకున్నవని నిస్సంకోచంగా చెప్పాడు. చర్చిలు తనను పిలిచింది తనకు దైవజ్ఞానం ఉందని కాదు, ఫుట్‌బాల్ ఆడగలనని మాత్రమేనన్న చేదు నిజాన్ని కూడా ఒప్పుకున్నాడు. అభిమానుల్లో కొందరు దీనిని విశ్వాసభ్రష్టతగా భావించారు. అతను దేవుడిని వదిలిపెట్టిన దాఖలా మాత్రం ఎక్కడా కనిపించదు. తాను దేవుడి నోట పెట్టిన మాటలను వెనక్కి తీసుకున్నాడు. దైవనామాన్ని వ్యర్థంగా వాడరాదన్న ఆజ్ఞను చాలామంది తిట్లకూ ఒట్లకూ సంబంధించిందిగా చదువుతారు. తన కోరికకు దేవుడి సంతకం పెట్టడం దాని కిందికి వచ్చే మరింత పెద్ద అపరాధమని పట్టుకోవడానికి వైట్ చదువు చాలింది.

వైట్ మళ్ళీ మొదటినుంచి చదువుకున్న ఆ గ్రంథంలోనే ఈ ప్రశ్నకు ఒక పరీక్ష ఉంది. బబులోను చక్రవర్తి కాడి రెండేళ్ళలో విరిగిపోతుందని హనన్యా అనే ప్రవక్త యెరూషలేములో ప్రకటించినప్పుడు, యిర్మీయా అతన్ని వెంటనే అబద్ధికుడనలేదు. అలాగే జరుగుగాక అని తానూ కోరుకుంటూనే, వినేవారికి ఇష్టమైనది చెప్పే ప్రవక్త మాట నెరవేరి చూపించేదాకా ఒప్పుకోకూడదన్నాడు. అంటే కష్టాన్ని ప్రకటించే స్వరం కంటే కోరికతో ఏకీభవించే స్వరం మీదే రుజువు భారం ఎక్కువ. అమెరికన్ దైవశాస్త్రంలో జొనాథన్ ఎడ్వర్డ్స్ 1746లో ఇదే దారిలో ఇంకొంచెం ముందుకు వెళ్ళి, అనుభూతి ఎంత తీవ్రమైనదన్నది గాని, సరిగ్గా ఆ సమయానికి ఒక లేఖన వాక్యం మనసులో మెదలడం గాని దైవప్రేరణకు నిశ్చయమైన గుర్తులు కావని వాదించాడు. ఈ రెండు ప్రమాణాలతో చూస్తే గ్రీన్ బే ‘పిలుపు’ తప్పని తేలదు, ఒప్పనీ తేలదు. వైట్‌కు అంత నిశ్చయంగా ప్రకటించే అధికారం మాత్రం లేదని తేలుతుంది.

ఇక్కడ ఒక ఆక్షేపణ రాక తప్పదు: మధ్యవయసులో, ఆట చప్పుడు అణగిపోయాక, అదంతా తన కోరికేనని చెప్పిన మాట మాత్రం కోరిక కాదని ఎలా అనగలం? పాత రోజుల్లో అతనికి వేదిక కావాలి, తరువాతి రోజుల్లో ఆ వేదిక మీద అసహ్యం పుట్టింది. రెండు మాటలూ ఆయా మనఃస్థితుల ప్రతిధ్వనులే కావచ్చు కదా. ఈ ఆక్షేపణకు బలముంది, రెండో వైట్ మొదటి వైట్ కంటే సత్యానికి దగ్గరివాడని కేవలం వయసును బట్టి చెప్పడం కుదరదు. అయితే రెండు వాక్యాలకూ ఒక తేడా ఉంది. ‘దేవుడు చెప్పాడు’ అన్న వాక్యం ప్రశ్నకు తావివ్వదు, పలికినవాడి బాధ్యతను మరొకరి మీదికి నెడుతుంది. ‘నేను కోరుకున్నాను’ అన్న వాక్యం ప్రశ్నకు తలుపు తీస్తుంది, శాసనసభలో నొప్పించిన మాటలకైనా, అందుకున్న కోట్లకైనా జవాబుదారీని పలికినవాడి దగ్గరే ఉంచుతుంది. దేవుడు నిజంగానే గ్రీన్ బేకు పంపి ఉన్నా కూడా, ఆ సంగతిని కచ్చితంగా తెలుసుకునే మార్గం లేని మనిషి నోట రెండో వాక్యమే న్యాయం.

వైట్ ఉపసంహరించుకున్న మాటల జాబితాలో పదిహేడేళ్ళప్పటి తొలి పిలుపు చేరుతుందా లేదా అన్నది మాత్రం తేలకుండా మిగిలింది. ఆ పిలుపుకు చట్టనూగాలో సంఘం సాక్ష్యముంది; తరువాత వచ్చినవాటికి అలాంటి సాక్షి లేదు. ఆ తేడాను అతను విడిగా ఎత్తిచూపినట్టు లేదు గాని, బోధించడం ఆపి విద్యార్థిగా కూర్చోవడం ద్వారా ఆ తొలి అభిషేకాన్ని కూడా పరీక్షకు పెట్టాడు. 2004 డిసెంబరు 26న, 43 ఏళ్ళకే, శరీర అవయవాల్లో వాపు కణాలు పేరుకునే సార్కాయిడోసిస్ వ్యాధితో ముడిపడిన గుండె లయభంగం వల్ల నార్త్ కరోలైనాలో మరణించే నాటికి ఆ చదువు సగంలోనే ఉంది. 2006లో ప్రొ ఫుట్‌బాల్ హాల్ ఆఫ్ ఫేమ్ అతని శాక్‌ల లెక్క చూసి మరణానంతర గౌరవమిచ్చింది. చివరి రోజుల్లో అతనిచ్చిన ఆ ఇంటర్వ్యూను సీరియస్‌గా తీసుకోవలసిన పని, ఫుట్‌బాల్ ఆటగాళ్ళను ఇప్పటికీ ఆదివారం వేదికల మీదికి పిలుస్తున్న సంఘాలది.